ఓడలో ఒకే ఉయ్యాల

మీ ఇంట్లో పెద్దబిడ్డ సముద్రం అవతల అమ్మమ్మగారింట్లోనూ, చిన్నబిడ్డ ఇక్కడ పోర్ట్ బ్లెయిర్ ఆసుపత్రిలోనూ పుట్టి ఉంటే, వాళ్లిద్దరిలో ఈ ద్వీపాలకు చెందినవారెవరో మీరు చెప్పగలరా?

నాకు ఈ ప్రశ్న కొత్తది కాదు. కాని పోయిన వారం మా తమ్ముడి భార్య తొలిబిడ్డను కన్నప్పుడు, ఆమె తల్లి శ్రీకాకుళం తీరం నుంచి బాలింత కాయం సంచిలో పెట్టుకుని వచ్చి, ఆసుపత్రి వరండాలో ఒక కుర్చీ అంచున పరాయిదానిలా ఒదిగి కూర్చోవడం చూసేసరికి, చల్లారిందనుకున్న కోపం మళ్లీ రాజుకుంది. భార్యను పుట్టింటికి ఎందుకు పంపలేదని తమ్ముణ్ణి అడిగాను. "బర్త్ సర్టిఫికెట్ కోసం అక్కా. నీ హాల్ ఏమైందో చూసినాక ఎవడు పంపిస్తాడు?" అన్నాడు.

నాకు జరిగినదేమిటో తెలియనివారి కోసం చెబుతున్నాను. మా తాత చేపల వేటకు ఈ దీవులకు వచ్చాడు, నాన్న గరాచర్మలో ఇల్లు కట్టాడు, అయినా తొలికాన్పు పుట్టింట్లోనే జరగాలన్న ఆచారాన్ని మావాళ్లు ఇంత సముద్రం దాటి వచ్చి కూడా విడిచిపెట్టలేదు. నన్ను కడుపులో మోస్తూ అమ్మ కన్నవారింటికి ఓడెక్కింది. అదే ఓడలో బ్రూక్షాబాద్‌లో ఉండే ఆమె స్నేహితురాలు కూడా పురుటికి బయలుదేరింది. తిరుగు ప్రయాణంలో ఆమె కూతురూ నేనూ బంకు పడక కమ్మీకి కట్టిన పాత చీర ఉయ్యాలలో చెరోవైపు తల పెట్టుకుని, ఒకరి మీద ఒకరం పాలు కక్కుకుంటూ వచ్చామని రెండిళ్లలోనూ ఎన్నిసార్లు చెప్పుకుని నవ్వారో లెక్కలేదు. ఆ నవ్వుల మధ్య కూర్చుని ఈ కథ వింటూ పెరిగినవాడు, ఆ పిల్లకు ఇక్కడే పుట్టిన తమ్ముడు.

కాలేజీలో వాడికి డిబేట్ నేర్పింది నేనే. సాయంత్రాలు వండూర్ బస్సులో వెనక సీటు మీద చేరి, ఒక పక్షం నేను, ఎదుటి పక్షం వాడు తీసుకుని, కండక్టరు విసుక్కునేదాకా వాదించుకునేవాళ్లం. ఆ బస్సూ, ఆ కిటికీలోంచి వచ్చే ఉప్పుగాలీ తలుచుకుంటే నా మనసు ఇప్పటికీ మెత్తబడుతుంది, వాణ్ణి తలుచుకుంటే మాత్రం కాదు.

చదువు ముగిశాక ఒక ప్రభుత్వ కార్యాలయంలో ఉన్న ఒకే ఒక్క ఖాళీకి ఇద్దరం పరీక్ష రాశాం. నేను మొదట నిలిచాను, వాడు నా వెనక. ద్వీపాల్లో పుట్టినవారే అర్హులన్న నిబంధన నోటిఫికేషన్‌లో ఉంది, నా జనన ధ్రువపత్రం నేను దాచలేదు. చదువూ నివాసమూ ఇక్కడివే కావడం వల్ల కార్యాలయం పట్టించుకోలేదు. పట్టించుకునేలా చేసింది వాడు. వాడి ఫిర్యాదు మీద నన్ను అనర్హురాలిగా తీసివేశారు, నా స్థానంలో వాణ్ణి కూర్చోబెట్టారు.

నేను వాళ్లింటికి వెళ్లి నిలదీశాను. వాడు తల కూడా దించుకోలేదు. "గుస్సా కాకు దీదీ. సామ్నేవాడి కమ్‌జోరీ, అదే వీక్ పాయింట్, ఎక్కడుందో చూసి అక్కడే కొట్టమని నువ్వే గదా నేర్పినావు? రూల్ ఈజ్ రూల్."

ఆ మాటతో నేను న్యాయం కోసమే కాదు, పగ కోసమూ కోర్టుకు వెళ్లాను. హైకోర్టు సర్క్యూట్ బెంచిలో రిట్ వేసిన నా వకీలు, తొలికాన్పు ఆచారం మీ వాళ్లలో నిజంగా ఉందని చెప్పే అఫిడవిట్ ఒకటి కావాలన్నాడు. పెద్దలు చాలామందే ఉన్నారు. ఎవరి సంతకం వాడికి ఎక్కువ నొప్పి పుట్టిస్తుందో ఆలోచించి, నేను నేరుగా ఉయ్యాలలో నాతో వచ్చిన వాడి అక్క దగ్గరికే వెళ్లాను.

సంతకం పెడతానని ఆమె అనగానే వాళ్లమ్మ గుమ్మానికి అడ్డంగా నిలబడింది. "నోర్ముయ్యే! సంతకం పెడితే తమ్ముడి నౌకరీ పోద్ది!"

"పోతే పోనీయ్ అమ్మా. రేపు నాకూ ఇదే చెప్తారు గదా, బాహర్‌వాలీ, బయటిది అని. నేను బాహర్‌వాలీ అయితే నన్ను కన్నదానివి నువ్వేటి, టూరిస్టువా?" అంది ఆమె, పెన్ను అందుకుంటూ. ఆ తల్లికి ఏడుపూ నవ్వూ ఒకేసారి వచ్చాయి.

పురుటికి పుట్టింటికి వెళ్లినంత మాత్రాన తల్లి కాపురం ఇక్కణ్ణుంచి లేచిపోయినట్టా అని న్యాయమూర్తి ప్రభుత్వ వకీలును అడిగి, ఆ నిబంధనను కొట్టేశాడు. వాడి నియామకం రద్దయింది, ఆ ఉద్యోగం నాకు వచ్చింది. చేరడానికి నాకు గడువు ఉన్నా, వాడు బాధ్యతలు అప్పగించే రోజే కావాలని వెళ్లి, బల్ల ముందు నిలబడ్డాను. వాడు సొరుగు ఖాళీ చేస్తూ, "దీదీ, మన ఇళ్లల్లో ఘర్‌వాలే ఏమనుకుంటారు..." అని గొణిగాడు.

"రూల్ ఈజ్ రూల్ భయ్యా. తాళాలు ఇటివ్వు" అన్నాను. నాకు ఆ రోజు జాలి కలగలేదు, ఇప్పుడూ కలగడం లేదు. ఆ ఉత్తర్వు చూపించి వాడి అక్క తర్వాత టీచరుగా చేరింది.

గెలిచాననే ఇన్నాళ్లూ అనుకున్నాను. కాని ఆ వరండాలో కాయం సంచి ఒళ్లో పెట్టుకుని కూర్చున్న ఆ తల్లిని చూశాక తెలిసింది, ఉత్తర్వు నాకు వచ్చింది గాని భయం మా ఇళ్లలోనే మిగిలిపోయిందని. ఓడల్లో ఇప్పుడు చీర ఉయ్యాలలు కనబడవు. పురిటి స్నానానికి నీళ్లు కాచే ఆ అమ్మమ్మగారి పెరడు ఇప్పుడు ఏ తొలిబిడ్డకూ తెలియదు. కోర్టు కొట్టేసిన నిబంధనే ఈ నెల మరో కార్యాలయం నోటిఫికేషన్‌లో మళ్లీ కనబడింది.

కనక మిమ్మల్ని అడుగుతున్నాను. ఆ నిబంధన ఎక్కడ కనబడినా, ఉద్యోగం పోగొట్టుకున్న పిల్ల ఒంటరిగా కోర్టు మెట్లెక్కేదాకా ఆగకుండా, ఈ రోజే మీ పేరు రాసి, సంతకం పెట్టి, అభ్యంతరం పంపండి. మీ కోడలికి పుట్టింట్లో కనాలని ఉంటే ఆమెకు ఓడ టిక్కెట్టు కొనండి. మనం భయపడి మానుకున్న ప్రతి ప్రయాణమూ వాడి గెలుపే. ఆ గెలుపు వాడికి దక్కనివ్వకండి.