గూడెం పెద్ద వేషం

మొన్న ఇక్కడ గ్వెల్ఫ్ ఊళ్లో ఒక పుట్టినరోజు విందులో, ఇక్కడ చదువుకోవడానికి వచ్చిన కుర్రాళ్లు కొందరు ఒక ఫోన్ మీదకు వంగి పగలబడి నవ్వుతుంటే, ఏమిటా అని నేనూ తొంగిచూశాను. అడవి సాహస కథలను బూతుగా మార్చి తీసిన పాతకాలపు సినిమాలోని ముక్క అది. ఈకల కిరీటం పెట్టుకుని, ఈటె పట్టుకుని గంభీరంగా నిలబడిన గూడెం పెద్దను చూపిస్తూ, "అంకుల్, ఈయన అచ్చం మనోడిలా ఉన్నాడు కదా!" అన్నాడొకడు.

మనవాడే. మా పెద్దమ్మ కొడుకు, మా అన్నయ్య. నాకు ఒళ్లు మండిపోయింది. చేతిలోని ప్లేటు అక్కడే పెట్టి బయటికి వచ్చేశాను.

మీలో ఆ రోజుల్లో ఈ దేశానికి వచ్చినవారికి వీడియో కేసెట్లు అద్దెకిచ్చే దుకాణాలు గుర్తుండే ఉంటాయి. అప్పుడు అన్నయ్య, వదిన, నేను ఈ పక్క ఊరు కేంబ్రిడ్జ్‌లో ఒకే ఇంట్లో ఉండేవాళ్లం. అన్నయ్య పగలంతా గోడౌన్‌లో పెట్టెలు మోసేవాడు, మనసు మాత్రం వరంగల్‌లో వదిలి వచ్చిన నాటకాల మీదే ఉండేది. ఇక్కడి మనవాళ్ల ఉగాది నాటకానికి ఆయన లేకపోతే తెర లేచేది కాదు. అలాంటి మనిషిని ఎవరో అడవి సాహస కథ తీస్తున్నామని, గూడెం పెద్ద వేషం ఉందని పిలిస్తే, పనికి సెలవు పెట్టి మరీ వెళ్లి, అద్దం ముందు అభ్యాసం చేసిన ఆ కాస్త ఇంగ్లీషునూ మహారాజు పాత్రకిచ్చేంత మర్యాదతో పలికి వచ్చాడు. ఆయన ఉన్నంతసేపూ అక్కడ అందరూ బట్టలతోనే ఉన్నారు. ఆ రోతంతా ఆయన వెళ్లిపోయాక తీసి, మధ్యమధ్యలో అతికించారు.

కొన్నాళ్లకు మన తెలుగు సంఘం పెద్ద ఒకాయన ఇంటికి వచ్చి, కాఫీ తాగి, నెమ్మదిగా అన్నారు. "ఆడవాళ్లూ పిల్లలూ వచ్చే చోటు కదా తమ్ముడూ, ఈసారి నాటకంలో నువ్వొద్దులే."

"ఎందుకండీ?" అన్నాడు అన్నయ్య, ఏమీ తెలియక.

"ఆ అడవి సినిమా... అందులో అంతా బూతే. మనవాళ్లంతా చూశారు."

అన్నయ్య ముఖం పాలిపోయింది. వంటింట్లోంచి వదిన విసురుగా వచ్చి, "అంతా చూసిండ్రా? ఆ కేసెట్ మీ ఇండ్లల్లకు ఎట్లొచ్చింది అన్నయ్యగారూ?" అంది. ఆయన లేచి చెప్పులు వెతుక్కున్నారు.

ఆ ఉగాదికి, చూసినవాళ్లంతా దర్జాగా ముందు వరుసలో కూర్చున్నారు. ఏమీ తెలియనివాడు ఇంట్లో కూర్చున్నాడు. అన్నయ్య మళ్లీ ముఖానికి రంగు వేసుకోలేదు. ఎక్కడో దూరాన ఉన్న హాలిఫాక్స్ వెళ్లిపోయి, రిటైరయ్యేదాకా బస్సు నడిపాడు.

మొన్న ఆ ఇంటి బయట నిలబడే ఆయనకు ఫోన్ చేశాను. కోపంతో జరిగిందంతా కక్కేశాను. ఆ సినిమా ఆయన ఎన్నడూ చూడలేదు.

"నా డైలాగ్ ఉంచిండ్రారా, కోసేసిండ్రా?" అని అడిగాడు.

ఏం చెప్పను? ఆ నవ్వుల్లో నాకేమీ వినిపించలేదు. అప్పుడు చాటుగా చూసి వెలివేశారు, ఇప్పుడు బాహాటంగా చూసి నవ్వుతున్నారు; ఇన్నేళ్లలో మారింది అంతే. ఆయన నటనను చూసినవాడు మాత్రం అప్పుడూ లేడు, ఇప్పుడూ లేడు.