మూడు నిమిషాల రీలులో నా కోపం

మొన్న మా మనవడు సెల్‌ఫోను నా ముందు నిలబెట్టి, మనిషి తన మీద తాను అదుపు కోల్పోవడం గురించి పొట్టి సినిమా తీస్తున్నానని, కాస్త కోపం నటించమని పదే పదే ప్రాణం తీస్తుంటే నిజంగానే విసుగొచ్చింది. ఈ విసుగు నాకు కొత్తది కాదు.

ఆంధ్రప్రదేశ్ ఏర్పడిన తొలి రోజుల్లో, మా గిద్దలూరు ఇంకా కర్నూలు జిల్లాలోనే ఉండగా, నాకు బడిలో ఉద్యోగమైన ఏడు, మద్రాసులో కెమెరా పని నేర్చుకుంటున్న మా అన్న సరిగ్గా ఇదే పిచ్చితో ఊళ్లో దిగాడు. చేతిలో మూడు నిమిషాలకు మించని ఒకే ఒక్క రీలు. బేస్తవారిపేట దగ్గర గొర్రెలు కాచుకునే మా మేనత్తకు ఏటా జాతరలో పూనకం వచ్చేది. అది తీయాలని ఆయన పట్టుదల. ఎండను అత్త ముఖం మీదికి మళ్లిస్తూ అద్దం పట్టుకుని నిలబడటం నా పని.

అత్తేమో తలకు నూనె రాసుకుని, పెట్టెలోని చీర కట్టుకుని, ఫొటోకు కూర్చున్నట్టు బిగుసుకుపోయేది. ఊగమంటే నవ్వేది. డప్పు కొట్టిస్తే మేకపిల్ల కనపడలేదని లేచిపోయేది. "నువ్వు రమ్మంటే వచ్చేదానికి అమ్మవారేమన్నా నీ కూలిమనిషా నాయనా?" అనేది. మూడు రోజులు ఇదే తంతు. నా సెలవు అయిపోవచ్చింది, చేతులు బొబ్బలెక్కాయి, అన్న మాత్రం ఇంకొక్కసారి అంటాడే తప్ప కదలడు.

మూడోనాటి మధ్యాహ్నం, గొర్రెలకు నీళ్లు పెట్టొస్తానని అత్త మళ్లీ లేవగానే నాలో ఏదో తెగింది. అద్దం నేలకేసి కొట్టి, పెద్దదని కూడా చూడకుండా, సంతానం లేని ఆమెను ఆ లోటే ఎత్తి పొడిచాను. ఒళ్లంతా వణుకుతోంది, నోరు ఆగడం లేదు. అన్న కెమెరా గరగరమని తిరుగుతూనే ఉంది.

అత్త నా రెండు రెక్కలూ పట్టుకుని కూర్చోబెట్టి, మొహాన నీళ్లు చల్లి, "ఆపురా ఆ డబ్బా! వాడు వాడి వశంలో లేడు, కానరాలేదా నీకు?" అని అన్నను గద్దించింది.

రీలు అద్భుతంగా వచ్చిందనీ, నా నటనను అందరూ మెచ్చుకున్నారనీ తర్వాత అన్న మద్రాసు నుంచి ఉత్తరం రాశాడు. ఒళ్లు మండి ఏడాది దాకా జవాబివ్వలేదు.

క్షమించమని అడగడానికి అత్త దగ్గరికి వెళితే, "అది నువ్వు అన్నావా ఏంది? ఎవురో పలికించినారు, పో" అని మజ్జిగ చేతిలో పెట్టింది. ఏ దేవతా నన్ను పలికించలేదని ఆమెకూ తెలుసు.

అత్త పోయి చాలా ఏళ్లయింది. ఇప్పుడు మా ఇంట్లో ఎవరైనా నోరు జారితే మిగతావాళ్లం అంతకు రెట్టింపు తిరిగి అనేసి, ఆ మాటను ఏళ్ల తరబడి గుర్తుపెట్టుకుంటాం. అందులో అందరికంటే ముందుండేది నేనే.