కొంచెం జరుగప్పా

అంగుళం గుడ్డ ఎక్కువ కొయ్యని బట్టలకొట్టు వాళ్లింట్లో పెరిగినవాణ్ణి. చింతామణిలో బాగేపల్లి బస్సెక్కగానే పక్కన సంచీ పెట్టి ఇద్దరి సీటూ నాదే చేసుకున్నాను. టమోటా బుట్టతో ఒక పెద్దావిడ వచ్చి, “కొంచెం జరుగప్పా” అంది. తల్లి వయసావిడ ‘అప్పా’ అనేసరికి నా బేరం నోట్లోనే ఆగిపోయింది. సంచీ ఒళ్లోకొచ్చింది.

వాళ్లమ్మాయి బెంగళూరులో ఉపగ్రహాలకు కరెంటు ఇంజన్లు చేస్తుందట.

“ఆ ఇంజను మల్బరీ ఆకు బరువంతే తోస్తాదంటప్పా. కానీ నెలలకొద్దీ నిలపకుండా తోస్తానే ఉంటాదంట. కొంచెం జరుగప్పా.”

జరిగాను. మా మధ్యలోకి బుట్ట వచ్చింది.

“అంత మెల్లగా తోస్తే అంత పెద్దది కదులుతాదా? నాకు నమ్మకం లేదు. కొంచెం జరుగప్పా.”

నా బుగ్గ కిటికీ కడ్డీకి అతుక్కుంది.

“కదులుతుందమ్మా! మీ అమ్మాయి మాట నమ్మండి” అన్నాను.

ఆమె మొహం వెలిగిపోయింది. “అట్లయితే ఇంగొంచెం జరుగప్పా.”