కొట్టం తలుపు

మా స్లోవేనియాలో ఏడాదికి వచ్చేవే నాలుగు సినిమాలు. వాటిలో సగానికి సంగీతం మా అన్న సిరిల్‌దే. పాట ఉండదు, రాగం ఉండదు, అన్నీ గీకుళ్లూ మోతలే. పేపర్లు మెచ్చుకునేవి, నాకు తలనొప్పి వచ్చేది.

కిందటేడు కొత్త సినిమాకి అమ్మని తీసుకెళ్లాం. వినబడ్డ ప్రతి చప్పుడుకీ అన్నని మోచేత్తో పొడిచేది.

“ఇది నీదేనట్రా?”

“కాదమ్మా, అది రైలు.”

“మరి ఇదో?”

“కుక్కమ్మా!”

ఇంతలో కిర్రుమని ఒక మోత హాలంతా సాగింది. అమ్మ కళ్లు తుడుచుకుంది. “ఇది మన పశువుల కొట్టం తలుపు కదరా! మీ నాన్న పాలు పితికి వచ్చేటప్పుడు ఇలాగే అరిచేది.”

వయొలిన్లతో ఆ మోతని తానే కనిపెట్టానని అన్న ఏళ్ల తరబడి పాఠాలు చెబుతున్నాడు. ఇప్పుడు అయోమయంగా నా వంక చూశాడు.

“ఏమే యెర్నెయా, నిజమేనా?”

నేను తలుపు తర్వాత రావలసిన నాన్న బూట్ల చప్పుడు కోసం చెవులు రిక్కించి కూర్చున్నాను.