పెట్టుడు గడ్డం వెనక

షాంటిలీలో మేం అద్దెకున్న టౌన్‌హౌస్ పక్కింట్లో ఒక పోలిష్ పెద్దావిడ ఒంటరిగా ఉండేది. ఎనభై దాటిన మనిషి. మా అమ్మ ఆరునెలలు ఉండటానికి వచ్చినప్పుడు వాళ్ళిద్దరికీ స్నేహం కుదిరింది. అమ్మకు ఇంగ్లిష్ అంతంత మాత్రం. ఆవిడ యాస నాకే సగం అర్థమయ్యేది కాదు. అయినా సాయంత్రాలు ఇద్దరూ కలిసి నడిచొచ్చి, మా వాకిట్లో టీ తాగేవారు.

ఆవిడ తండ్రి సంగతి అలా టీ తాగుతున్నప్పుడే తెలిసింది. సినిమాలకు ఇంకా మాటలు రాని కాలంలో ఆయన వార్సాలో నటుడు. తాగుబోతు, పోలీసు, ముసలి జమీందారు, ఏ వేషమిచ్చినా వేసేవాడట. కథలు, నాటకాలు రాశాడు. ఒకసారి మేకప్‌తో ఇంటికెళ్తే సొంత తల్లే "ఎవరు కావాలి బాబూ" అని అడిగిందట. ఆ మాట జీవితమంతా గొప్పగా చెప్పుకున్నాడట.

"ఇవన్నీ మా అమ్మ చెప్పినవే. నాకు తెలిసిన నాన్న వేరు," అంది పెద్దావిడ.

రెండో ప్రపంచ యుద్ధంలో వార్సా తగలబడింది. ఆయన రీళ్ళు, రాసిన కాగితాలు అన్నీ పోయాయి. యుద్ధమయ్యాక భార్యనూ చిన్నపిల్లైన ఈవిడనూ తీసుకుని చికాగో చేరాడు. ఇంగ్లిష్‌కు నాలుక తిరగలేదు. మాంసం ప్యాక్ చేసే ఫ్యాక్టరీలో నేల కడిగే పని దొరికింది. పని నుంచి వచ్చి కిటికీ దగ్గర కూర్చునేవాడు. మళ్ళీ కలం పట్టలేదు. ఆవిడ కాలేజీలో ఉండగా పోయాడు.

"ఆయన నవ్వు చూసే పెళ్ళి చేసుకున్నానని అమ్మ చెప్పేది. నేను ఆ నవ్వు చూడలేదు."

నేను ఇది తెలుగులో చెబితే అమ్మ ఆవిడ కప్పులో ఇంకాస్త టీ పోసింది.

ఆకులు రాలే రోజుల్లో పోలండ్ నుంచి ఆవిడ బంధువొకరు లింక్ పంపారు. ఎక్కడో ఒక పాత రీలు ముక్క దొరికిందట, శుభ్రం చేసి ఆన్‌లైన్‌లో పెట్టారట. మా టీవీ పెద్దదని ఆవిడ ఆదివారం మధ్యాహ్నం మా ఇంటికొచ్చింది. చర్చికి వేసుకునే గౌను వేసుకుంది.

కొద్ది నిమిషాల వీడియో. మంచు పడుతున్న వీధిలో ఒక ముసలి బిచ్చగాడు ఇంటింటికీ తిరిగి తలుపు తడుతుంటాడు. గుబురు గడ్డం, కళ్ళ మీదికి దిగిన టోపీ. ఎవరూ తలుపు తీయరు. అంతే, అయిపోయింది.

"నాన్న ఎప్పుడొస్తాడు?" అని అడిగింది.

"ఆ బిచ్చగాడే అండీ. మొదట్లో పేరు కూడా చూపించారు."

"కాదు. నాన్నకప్పుడు ముప్పై కూడా నిండలేదు."

మళ్ళీ పెట్టి, ముఖం దగ్గర ఆపాను. ఆవిడ లేచి టీవీ దాకా వెళ్ళింది. ఆ గడ్డంలో చాలాసేపు వెతికింది. "ఎక్కడా లేడు," అని వచ్చి కూర్చుంది.

అప్పుడు అమ్మ, "ఆ నడిచే ముక్క ఇంకోసారి ప్లే చెయ్యవే," అంది. చూసి, "ఈవిడ నడకే. కుడి భుజం అట్లా వాల్చి. రోజూ పక్కన నడుస్తున్నా, నాకు తెలీదా?" అంది.

ఆ మాట చెప్పాను. ఆవిడ తల అడ్డంగా ఊపింది.

"అది ముసలివాడి వేషం కోసం నడిచిన నడక. నేను నిజంగానే ముసలిదాన్ని."

అమ్మ ఒప్పుకోలేదు. "ఆయనకి మాత్రం ఆ నడక ఎక్కడిది? వాళ్ళమ్మని చూసి నేర్చుకునుంటాడని చెప్పు. ఈవిడకి నాయనమ్మ పోలిక."

అదీ చెప్పాను. ఆవిడ ఇంకోసారి పెట్టమంది. ఈసారి ముఖం కోసం వెతకలేదు, కాళ్ళనే చూసింది. చూస్తూ చూస్తూ ఏడ్చింది. అమ్మ వెళ్ళి పక్కన కూర్చుని చెయ్యి పట్టుకుంది.

అమ్మ వెళ్ళిపోయాక ఆ చలికాలంలోనే ఆవిడ బాత్రూంలో పడి, తుంటి ఎముక విరిగింది. మళ్ళీ లేచి నడవలేదు. నేను నర్సింగ్‌హోమ్‌కి వెళ్ళినప్పుడల్లా "మీ అమ్మ ఎప్పుడొస్తుంది?" అని అడిగేది. వీసా పని నడుస్తోందని చెప్పేదాన్ని. మార్చిలో పోయింది.

అంత్యక్రియలకు వెళ్ళొచ్చి అమ్మకు ఫోన్ చేశాను.

"ఎవరైనా వచ్చారా?"

"చర్చి వాళ్ళు కొందరు. నేను."

"నా పేరు చెప్పి ఒక పువ్వు పెట్టావా?"

నాకు ఆ ఆలోచనే రాలేదు. పెట్టలేదమ్మా అన్నాను. అమ్మ సరేలే అని ఫోన్ పెట్టేసింది.