పచ్చ సిరా మహిమ

రాసింది నిజమైపోయే సిరాను నేను పటాన్‌చెరు ఫ్యాక్టరీల పక్కనున్న మా ఊళ్లోనే చూశాను. మా బోరు నీళ్లు పసుపుగా ఉండి, మందుల కంపు కొట్టేవి. తాగేది ట్యాంకరు నీళ్లే. తనిఖీకొచ్చిన అధికారికి అమ్మ మర్యాదగా చెంబుతో బోరు నీళ్లే ఇచ్చింది. ఆయన ముట్టకుండా పక్కనపెట్టి, అవి తాగొచ్చని అధికారుల పచ్చ సిరాతో రాశాడు.

"జెర తాగి రాయి సారూ," అంది అమ్మ.

"దాహం లేదమ్మా."

ఆ సిరాకు కంపు పోగొట్టడం చేతకాలేదు గానీ, మర్నాడే ట్యాంకరును ఆపేసింది. ఒళ్లు మండి, నేనూ పచ్చ సిరా కొని డైరీలో "ట్యాంకరు వచ్చింది" అని రాశాను. పొద్దెక్కినా రోడ్డు మీద మా బిందెలు ఖాళీగానే ఉన్నాయి. అమ్మ వాటిని బోరు దగ్గరికి మోసుకెళ్లింది.