కాశీలో వదిలిన ద్రాక్ష

టూరులో ఇవాళ నాలుగో రోజు. తెనాలిలో బస్సెక్కినప్పటి నుంచి నా పక్క సీటు వెంకాయమ్మ పిన్నిది. నిజాంపట్నంలో ఎండుచేపల వ్యాపారం ఆవిడకి. ఉప్పుకొఠార్లు, ఎర్రమట్టి దిబ్బలు చూసి, పొద్దున హైదరాబాదు దగ్గర ద్రాక్షతోటలో దిగాం. తిన్నంత తినమన్నాడు గైడు. పిన్ని మాత్రం పందిరి కింద చేతులు కట్టుకుని నిలబడింది.

"కాశీలో వదిలేశాను బాబూ," అంది.

కాశీకి వెళితే ఇష్టమైన పండొకటి వదలాలి. అప్పట్లో తమ పక్కనున్న రేపల్లె దాకా కూడా రాని పండు గదా అని ఆవిడ ద్రాక్ష వదిలేసిందట. తీగకి చూడటం ఇదే మొదటిసారి.

కాసేపు గుత్తుల వంక చూసి గైడుని పిలిచింది.

"కిస్‌మిస్ తినొచ్చు గదండీ? అది వేరే గదా?"

"అదీ ద్రాక్షేనమ్మా, ఎండబెడతారంతే. ఎండితే చేప చేప కాకుండా పోద్దా?"

పిన్ని పందిరి కింద నుంచి ఇవతలికి వచ్చేసింది.

"పోదు," అంది.

నాకు నవ్వాగలేదు. సాయంత్రం గైడు దసరాకి కాశ్మీరు టూరని కాగితాలు పంచాడు. ఆపిల్ తోటల్లో తిన్నంత తినొచ్చట. నేను కాశీలో వదిలింది ఆపిల్.

మీరు వదిలిందేమిటో చెప్పండి. ఏ టూరు ఎక్కకూడదో నేను చెబుతాను.